పెళ్లికూతురి కాటుక అప్పగింతల దాకా చెదరకుండా ఉండాలంటే

కళ్ల కింద నలుపు దిగిందని గమనించగానే చాలామంది చేసే మొదటి పని ఇంకో కాటుక కొనడం. ఈసారి వాటర్‌ప్రూఫ్ అని రాసి ఉన్నది తెస్తారు. తీరా అదీ మధ్యాహ్నానికల్లా అదే దారి పడుతుంది. రోజంతా కాటుకను కరిగించేది నీళ్ల కంటే ఎక్కువగా జిడ్డు. రెప్పల చర్మంలోంచి ఊరే జిడ్డు, మొహానికి రాసుకున్న క్రీము, సన్‌స్క్రీన్, తలకు పెట్టిన నూనె, అన్నీ మెల్లగా కంటి అంచుకు చేరతాయి. కాటుక కూడా మైనం, నూనె కలిసిన పదార్థమే కాబట్టి ఆ జిడ్డులో ఇట్టే కలిసిపోతుంది. వాటర్‌ప్రూఫ్ అన్న మాట చెమటకూ కన్నీళ్లకూ పనికొస్తుంది, జిడ్డుకు పనికిరాదు.

అందుకే ఏది కొనాలి అనే ముందు మరక ఎక్కడ పడుతోందో చూసుకోండి. ఓ రోజు మామూలుగా తయారై, నాలుగు గంటలయ్యాక కిటికీ దగ్గర వెలుతురులో అద్దం పట్టుకోండి. పై రెప్ప మీద, కనుబొమ కింద చుక్కలు చుక్కలుగా అచ్చు పడి ఉంటే రెప్ప మడత జిడ్డుగా ఉందన్నమాట, లేదా మస్కారా ఆరకముందే కళ్లు పైకెత్తి చూశారు. కంటి బయటి కొస కింద నల్లటి నీడలా ఉంటే అది కింది రెప్పకు వేసిన మస్కారా, దాని కింద రాసిన కన్సీలర్ (మచ్చల్ని కప్పే ఒంటిరంగు క్రీము) కలిసి చేసిన పని. ముక్కు వైపు మూలలో నల్లటి పుసిలా పోగవుతుంటే లోపలి అంచున పెట్టిన కాటుక కన్నీటిలో కలిసి కొట్టుకొస్తోంది. రెప్ప మడతలో రంగు గీతలా పేరుకుంటే ప్రైమరో (రంగు నిలవడానికి ముందుగా రాసే పూత), ఐషాడోనో (రెప్పలకు వేసే రంగు పొడి) ఎక్కువైంది. ఒక్కోదానికి ఒక్కో మందు. ఒకదాని మందు ఇంకోదానికి వాడితే డబ్బు దండగ.

ఈ నాలుగు తప్పులూ ఒకేచోట బయటపడేది మన పెళ్లిలో. మంగళస్నానం నూనె, బాసికం కింద చెమట, హోమం పొగ, తలంబ్రాలు, చివర్లో అప్పగింతల ఏడుపు. ముహూర్తం రాత్రి రెండింటికైతే సాయంత్రం వేసిన మేకప్ మర్నాటి పొద్దుటిదాకా నిలవాలి. కాబట్టి పెళ్లినే లెక్కగా తీసుకుని చెబుతున్నాం. ఇందులో సగం చేసినా ఆఫీసు రోజుకు సరిపోతుంది.

ముందు నూనె వదలాలి

మంగళస్నానంలో నువ్వుల నూనె రాసి నలుగు పెడతారు. తలంటు పోసుకున్నాక ఒంటి మీద నూనె పోయినట్టే ఉంటుంది కానీ కనుబొమల వెంట్రుకల్లో, రెప్పవెంట్రుకల మొదళ్లలో మిగిలే ఉంటుంది. సబ్బు కళ్లలో పడుతుందని అక్కడ ఎవరూ గట్టిగా తోమరు. పెళ్లికూతురి కాటుక నిలవకపోవడానికి అన్నిటికంటే పెద్ద కారణం ఇదేనని మా అభిప్రాయం. దీన్ని పట్టించుకునేవాళ్లు మాత్రం తక్కువ.

పరీక్ష సులువు. మొహం తుడుచుకున్నాక కన్ను మూసి, టిష్యూలో ఒక్క పొర తీసి రెప్ప మీద ఐదు సెకన్లు అదిమి పట్టండి. వెలుతురుకు ఎత్తి చూస్తే పకోడీ పొట్లం కాగితం మీద ఉన్నట్టు పారదర్శకంగా మచ్చ కనిపిస్తే నూనె ఉంది. కాటన్ ప్యాడ్‌ను మైసెల్లార్ వాటర్‌తో (మేకప్, జిడ్డు తుడిచే నీళ్లలాంటి ద్రవం) తడిపి మూసిన రెప్ప మీద పది సెకన్లు ఉంచి కిందికి తుడవండి. కనుబొమలనూ వదలొద్దు. ప్యాడ్ మార్చి మళ్లీ ఒకసారి. ఆ తర్వాత మామూలు నీళ్లతో కడగడం మర్చిపోవద్దు. మైసెల్లార్ వాటర్‌లో మురికిని వదిలించే పదార్థం రెప్ప మీద మిగిలితే అది కాటుకనూ వదిలిస్తుంది.

క్రీము, సన్‌స్క్రీన్ కంటి గుంట చుట్టూ ఉన్న ఎముక దగ్గరే ఆపేయాలి. ఒంటి వేడికి అవి ఎలాగూ కొంచెం పైకి పాకుతాయి. రాశాక పదిహేను నిమిషాలు ఆగి, కళ్ల కింద టిష్యూ అద్ది మిగులు తీసేయండి. పెళ్లి హడావుడిలో ఆ పదిహేను నిమిషాలు ఎక్కడివి అంటారా, జడ అల్లడం అప్పుడు పెట్టుకోండి. జడకు నూనె రాసిన చేత్తో మాత్రం ఎవరూ మొహం ముట్టుకోకూడదు.

ప్రైమర్, పొడి

రెండు రెప్పలకూ కలిపి ఐ ప్రైమర్ ఒక బియ్యపు గింజంత చాలు. సగం సగం చేసి, ఉంగరం వేలితో రెప్పవెంట్రుకల మొదటి నుంచి మడత పైదాకా పల్చగా అద్దండి. ఒక నిమిషం కదపొద్దు. ఎక్కువ రాస్తే ఎక్కువ నిలుస్తుందనుకోవడం పొరపాటు. మందంగా ఉన్న పొర రెప్ప మూసి తెరిచిన ప్రతిసారీ మడతలోకి జరిగి, తనతోపాటు రంగునూ లాక్కుపోతుంది. ప్రైమర్ లేకపోతే కన్సీలర్‌ను అంతే పల్చగా రాసి పొడి అద్దినా పని జరుగుతుంది, కాకపోతే జిడ్డు చర్మానికి రోజంతా ఆగదు.

దాని మీద ఒంటి రంగులో మెరుపు లేని ఐషాడోను చిన్న బ్రష్‌తో అద్దండి. రుద్దొద్దు, అద్దాలి. కింది రెప్ప కింద కూడా పల్చగా పౌడర్ వేయండి, కాటుక కిందికి జారే దారికి అది అడ్డుకట్ట.

కాటుక

రెప్ప అంచును అద్దంలో దగ్గరగా చూడండి. వెంట్రుకలు మొలిచిన వరుసకూ కంటిగుడ్డుకూ మధ్య తడితడిగా, సన్నటి గట్టులా ఒక అంచు ఉంటుంది. ఆ గట్టు మీద సూదిమొన తాకినంత చిన్న రంధ్రాలు వరుసగా ఉంటాయి, పై రెప్పకు 25 నుంచి 40, కింది రెప్పకు 20 నుంచి 30. కన్నీరు త్వరగా ఆరిపోకుండా కాపాడే నూనె వాటిలోంచే వస్తుంది. మనం సంప్రదాయంగా కాటుక దిద్దే చోటు సరిగ్గా అదే. అంటే నూనె ఊరేచోట, కన్నీరు పారేచోట, రెప్ప కొట్టిన ప్రతిసారీ రెండో రెప్ప తగిలేచోట పెడుతున్నాం. ఏ కంపెనీది పెట్టినా అక్కడ రోజంతా నిలవదు. పైగా ఆ రంధ్రాలు మూసుకుపోతే కళ్లు పొడిబారి మండుతాయి, మండితే నీళ్లు కారతాయి, నీళ్లు కారితే కాటుక పోతుంది.

కాబట్టి నలుపును ఆ గట్టుకు బయట, వెంట్రుకల మొదళ్లలో పెట్టాలి. పై రెప్పను వేలితో కొద్దిగా పైకి లాగి, వెంట్రుకల మధ్య ఖాళీల్లో జెల్ పెన్సిల్ మొనతో చుక్కలు చుక్కలుగా నింపుకుంటూ వెళ్లండి. చుక్కలు కలిపితే గీత. ఒకేసారి బరబరా గీస్తే మైనం మందంగా పడి పైపొర ఊడుతుంది. జెల్ పెన్సిల్‌లో త్వరగా ఆవిరయ్యే ద్రవం ఉంటుంది. అది ఆరిపోయాకే రంగు పొరలా బిగుసుకుంటుంది. అందుకు 30 నుంచి 60 సెకన్లు పడుతుంది, అంతసేపూ చూపు కిందికే ఉండాలి. పొగబారినట్టు చెదరగొట్టుకోవాలంటే మొదటి 15 సెకన్లలోనే చేయాలి, బిగిశాక ముట్టుకుంటే పెచ్చులూడుతుంది. ఆరాక అదే రంగు ఐషాడోను సన్నటి బ్రష్‌తో గీత మీద అద్దితే మైనం జిడ్డును పొడి పీల్చుకుంటుంది. నలుపుకు నలుపు, గోధుమరంగుకు గోధుమరంగు. ఒక్క దశకే టైముంటే ఇదొక్కటీ చేయండి, ఇంతకు మించి పనిచేసే చిట్కా లేదు.

కింది కంటికి కాటుక లేకపోతే మొహం బోసిగా ఉందని పెద్దవాళ్లు అంటారు, అది నిజమే. బయటి కొస నుంచి మూడో వంతు వరకు, వెంట్రుకల కింద ఐషాడోతో సన్నగా దిద్దితే ఆ బోసితనం పోతుంది. లోపలి అంచున పెట్టాల్సిందే అంటే ముందు ఆ అంచును పొడి ఇయర్‌బడ్‌తో ఒక్కసారి మెల్లగా అద్ది, ఒక్క గీత గీసి, కన్ను మూయకుండా పది సెకన్లు ఆగి, ముక్కు వైపు మూలను ఖాళీగా వదిలేయండి. మూడు నాలుగు గంటలకోసారి మళ్లీ దిద్దుకోవాల్సి వస్తుందని ముందే లెక్కలో పెట్టుకోండి. లెన్సులు పెట్టుకునేవాళ్లు లోపలి అంచు జోలికి అసలు పోవద్దు. లెన్సులు మేకప్‌కు ముందు పెట్టుకోవాలి, మేకప్ తుడవకముందే తీసేయాలి.

పెన్సిల్ కొన్న రోజే పరీక్షించుకోండి. ముంజేతి మీద రెండు గీతలు గీసి రెండు నిమిషాలు ఆగండి. ఒకదాని మీద తడివేలితో పదిసార్లు రుద్దండి. రెండోదాని మీద ఒక చుక్క కొబ్బరినూనె వేసి, రుద్దకుండా ఐదు నిమిషాలు వదిలేయండి. నీళ్లకు చెక్కుచెదరనివి చాలానే ఉంటాయి. నూనె చుక్కలో అంచులు ఎంత త్వరగా అల్లుకుపోయాయో చూస్తే మీ రెప్ప మీద ఏం జరగబోతోందో అర్థమవుతుంది. పెళ్లికి నూనెలో నెమ్మదిగా కరిగేది తీసుకోండి.

ఆముదం దీపం మీద ఇత్తడి పళ్లెం బోర్లించి పట్టిన ఇంటి కాటుకలో మసి, ఆముదమో నెయ్యో తప్ప గట్టిపరిచే మైనం ఉండదు. అందుకే అది పాకుతుంది, అది దాని స్వభావం. దాన్ని బుగ్గచుక్కకు వాడుకోండి, కంటికి వద్దు. సీసం ఖనిజంతో చేసిన సుర్మాలు (కంటికి పెట్టుకునే పొడి) కొన్ని ఇంకా దొరుకుతున్నాయి. వాటిలోని సీసం ఒంట్లో చేరితే విషం, ముఖ్యంగా పిల్లలకు. తయారీదారు పేరు, పదార్థాల జాబితా లేని డబ్బా కొనకండి.

మే నెల ఎండకు బ్యాగులో పెన్సిల్ మెత్తబడి మొన విరుగుతుంటే పదిహేను నిమిషాలు ఫ్రిజ్‌లో పెట్టి చెక్కండి.

మస్కారా

రెప్పవెంట్రుకలను వంచే కర్లర్ వాడితే మస్కారాకు ముందే. తర్వాత వాడితే వెంట్రుకలు అతుక్కుని తెగుతాయి. బ్రష్‌ను సీసా మూతి దగ్గర తుడిచి, పల్చగా ఒక పూత, 30 సెకన్లు ఆగి ఇంకో పూత. మూడోది వద్దు, అది పొడిగా రాలిపోయేదే తప్ప నిలిచేది కాదు. బయటి కొస కింద నీడ పడేవాళ్లు కింది వెంట్రుకలకు మస్కారా మానేయడం ఉత్తమం. జిడ్డు రెప్పలవాళ్లకు వాటర్‌ప్రూఫ్ కంటే ట్యూబింగ్ మస్కారా నయం. అది ఒక్కో వెంట్రుక చుట్టూ గొట్టంలా తొడుగు కట్టుకుంటుంది, జిడ్డుకు కరగదు, గోరువెచ్చని నీళ్లకు ముక్కలుగా ఊడొస్తుంది. మస్కారా తెరిచిన మూడు నెలలకు పారేయాలి. చిక్కబడిందని నీళ్లో నూనో కలిపితే నిలవడం మాట అటుంచి, కళ్లకు ఇన్ఫెక్షన్ రావచ్చు.

అన్నీ ఆరాక కళ్లు మూసుకుని, చేతి దూరం నుంచి, మేకప్‌ను నిలిపి ఉంచే సెట్టింగ్ స్ప్రే రెండుసార్లు. ఆరేదాకా కళ్లు తెరవొద్దు.

మండపంలో

పక్కన కూర్చునే తోడిపెళ్లికూతురి దగ్గర ఒక చిన్న సంచీ ఉండాలి. మెత్తటి టిష్యూలు, జిడ్డు పీల్చే బ్లాటింగ్ పేపర్లు, ఇయర్‌బడ్లు, కొంచెం కన్సీలర్, గీత మీద అద్దిన ఐషాడో, దాని బ్రష్. ఇంతే. లోపలి అంచున పెట్టుకోకపోతే కాటుక పెన్సిల్ అందులో ఉండనక్కర్లేదు, కరిగిన దాని మీద మళ్లీ గీస్తే ఆ కొత్తదీ కరుగుతుంది.

బాసికం కట్టే ముందు నుదురు, కనుబొమలు పొడిగా తుడిచి పౌడర్ అద్దండి. బాసికం కింద చేరిన చెమట కనుబొమల మీదుగా కంట్లోకి దిగుతుంది కాబట్టి వీలు చిక్కినప్పుడల్లా టిష్యూ కంటికి కాదు, కనుబొమకు అద్దాలి. జీలకర్రబెల్లం పాకం కారి రెప్పవెంట్రుకలకు అంటితే వేలితో లాగొద్దు, తడి టిష్యూ అంచుతో అద్ది తీయండి. తలంబ్రాలు పోసేటప్పుడు గింజలు కళ్లలో పడతాయని గట్టిగా మూసుకుంటాం. ఆ నొక్కుడుకే మస్కారా బుగ్గ మీద అచ్చు పడుతుంది. తల కొద్దిగా వంచి, రెప్పలు తేలిగ్గా దించితే చాలు. హోమం పొగకూ అంతే, కళ్లు నలపకుండా చూపు కిందికి పెట్టుకోండి.

ఏడుపు వస్తే టిష్యూను కోసుగా మడిచి, దాని అంచును కింది వెంట్రుకల దిగువన ఆనించి పట్టుకోండి. కన్నీరు దానంతట అదే కాగితంలోకి ఎక్కుతుంది. పక్కకు తుడిస్తే నలుపు చెంప దాకా పాకుతుంది. అప్పగింతల్లో అందరూ పట్టుకుని ఏడుస్తుంటే ఇది పెళ్లికూతురికి గుర్తుండదు, కాబట్టి ఆ టిష్యూ పని తోడు ఉన్నవాళ్లదే. నలుపు దిగే ఉంటే పొడి ఇయర్‌బడ్‌ను మరక మీద దొర్లించి ఎత్తండి, రుద్దొద్దు. మిగిలిన మచ్చకు ఇయర్‌బడ్ కొసకు ఇసుమంత కన్సీలర్ అంటించి తుడవండి. రెప్ప మెరుస్తుంటే బ్లాటింగ్ పేపర్‌తో జిడ్డు తీశాకే పొడి వేయాలి. జిడ్డు మీద పొడి వేస్తే ముద్దవుతుంది.

తీసేటప్పుడు

ఎంత అలసటగా ఉన్నా అలాగే పడుకోవద్దు. నూనె, నీళ్లు రెండు పొరలుగా ఉండే రిమూవర్‌ను బాగా ఊపి, ప్యాడ్ మీద వేసి, మూసిన కంటి మీద 30 సెకన్లు ఆనించి ఉంచండి. కరిగినది కిందికి ఒక్క తుడుపులో వచ్చేస్తుంది, రాకపోతే ఇంకో 30 సెకన్లు ఆగండి కానీ రుద్దకండి. రిమూవర్ లేకపోతే కొబ్బరినూనె రెండు చుక్కలు చాలు. రెండింటిలో ఏది వాడినా తర్వాత తేలికపాటి ఫేస్‌వాష్‌తో రెప్పలు కడిగి, టిష్యూ పరీక్ష మళ్లీ చేయండి. మర్నాడు సత్యనారాయణ వ్రతం ఉంటే ఆ కాటుకను కరిగించేది ఈ రాత్రి మిగిలిపోయిన నూనే.