రుట్గర్ హవర్ మీద విజయనగరంలో ఒక సాయంత్రం సభ పెట్టాలంటే

డచ్ నటుడు రుట్గర్ హవర్‌ని ‘బ్లేడ్ రన్నర్’ అనే హాలీవుడ్ సినిమా చివర్లో వానలో తడుస్తూ ప్రాణం వదిలేవాడంటే హాల్లో పదిమందైనా గుర్తుపడతారు. అలాగని అక్కడే మొదలెడితే ఆ తర్వాత ఏం చెప్పినా చప్పగానే ఉంటుంది. 1969 నాటి అతని టీవీ సీరియల్ ‘ఫ్లోరిస్’తో మొదలెట్టండి.

ముందు తేదీ చూసుకోండి. దసరా తర్వాతి మంగళవారం సిరిమాను, ముందురోజు తొలేళ్లు. ఆ వారం మూడు లాంతర్ల నుంచి కోట దాకా జనమే, మీ సభకి ఎవరూ రారు.

పోస్టర్ మీద పేరు ఎలా రాస్తారో తేల్చుకోండి. డచ్చిలో ‘గ’ గొంతు గీరుకుంటూ ‘ఖ’లా వస్తుంది, అంటే ‘రుట్‌ఖర్’కి దగ్గర. మనవాళ్ల నోట నలిగింది రుట్గర్ హవర్. ఏదైనా సరే, అన్నిచోట్లా ఒకటే రాయండి.

జీవితం అయిదు నిమిషాల్లో చెప్పేయొచ్చు. 1944 జనవరి 23న బ్రూకెలెన్‌లో పుట్టాడు. న్యూయార్క్ బ్రూక్లిన్‌కి ఆ ఊరి పేరే వచ్చింది. అమ్మానాన్నలిద్దరూ నటనలో ఉన్నవాళ్లే. అయినా 15 ఏళ్లకే సరుకుల ఓడెక్కి వెళ్లిపోయాడు. రంగులు సరిగా ఆనకపోవడంతో సముద్రం మీద బతుకు కుదరలేదు. వెనక్కొచ్చి ఆమ్‌స్టర్‌డామ్‌లో నాటకం నేర్చుకున్నాడు. 2019 జులై 19న పోయాడు. బ్లేడ్ రన్నర్ కథ జరిగేది కూడా 2019లోనే.

నిలబడాల్సిన చోటు ‘ఫ్లోరిస్’. పాల్ వెర్‌హోవెన్ తీసిన 12 భాగాల టీవీ సీరియల్, నలుపు తెలుపు. కత్తి పట్టుకు తిరిగే వీరుడు, పక్కన సిందాలా అనే ‘భారతీయ’ ఫకీరు. ఆ ఫకీరు వేషం వేసిందీ డచ్ నటుడే. కాంతారావు కత్తియుద్ధాలు చూసి పెరిగినవాళ్లకి ఈ ముక్క విడమరచి చెప్పక్కర్లేదు, అయిదు నిమిషాలు వేసి ఊరుకోండి.

తర్వాత 1973 ‘టర్క్స్ ఫ్రౌట్’. ఆస్కార్ నామినేషన్ దక్కింది, 1999లో ఆ శతాబ్దపు ఉత్తమ డచ్ చిత్రంగా ఎంపికైంది. నగ్న దృశ్యాలు చాలా ఉన్నాయి కనుక కాలేజీ పిల్లలు వచ్చే సభలో నోటితో చెప్పడమే మేలు. దాని బదులు 1977 ‘సోల్జర్ ఆఫ్ ఆరెంజ్’లోంచి ఆరు నిమిషాలు వేయండి. హాలీవుడ్‌కి 1981 ‘నైట్‌హాక్స్’ విలన్ దారి చూపింది. ‘ఎస్కేప్ ఫ్రమ్ సోబిబోర్’కి గోల్డెన్ గ్లోబ్ వచ్చింది, అది టీవీ సినిమా. విలనీ ఒక్కటే అతని బతుకుదెరువన్నట్టు మాట్లాడితే ఇవన్నీ జారిపోతాయి.

పూర్తి సినిమా వేయాలంటే హక్కుదారుల అనుమతి తీసుకోవాలి. ఇంట్లో చూడ్డానికి కొన్న డిస్క్‌తో ఆ హక్కు రాదు.

అసలు చిక్కంతా సబ్‌టైటిళ్లతోనే. ఫైల్‌ని యూటీఎఫ్-8 అనే ఎన్‌కోడింగ్‌లో సేవ్ చేయకపోతే తెలుగు బదులు డబ్బాలో, పిచ్చి గుర్తులో కనిపిస్తాయి. యూరప్ డీవీడీలు చాలావరకు సెకనుకి 25 ఫ్రేములు. 23.976 ఫ్రేములకి చేసిన సబ్‌టైటిల్ దాని మీద పెడితే గంట తిరిగేసరికి దాదాపు రెండున్నర నిమిషాలు తేడా వస్తుంది. వీఎల్‌సీ ప్లేయర్‌లో జి, హెచ్ మీటలతో ముందుకీ వెనక్కీ జరిపినా ఆ క్షణానికే కుదురుతుంది, కాసేపటికి మళ్లీ తప్పుతుంది. ‘సబ్‌టైటిల్ ఎడిట్’ అనే సాఫ్ట్‌వేర్‌లో ఫ్రేమ్ రేటే మార్చాలి. తెర మీద రెండు వరుసలు మించొద్దు, వరుసకి 35 అక్షరాలు చాలు. అక్షరం చిన్నదైతే ముందు పోయేది ఒత్తులే, వెనక వరుసలో కూర్చుని ఒకసారి చదివి చూడండి.

చివరి క్లిప్ బ్లేడ్ రన్నర్‌దే. 1982 థియేటర్ ప్రతిలో ఆ చావు తర్వాత హారిసన్ ఫోర్డ్ వ్యాఖ్యానం వచ్చి నిశ్శబ్దాన్ని చెడగొడుతుంది. 2007 ఫైనల్ కట్ తెచ్చుకోండి. స్క్రిప్టులో ఉన్న మాటల్ని హవరే తగ్గించి, వాన, కన్నీళ్ల పోలిక తనే చేర్చాడు. దాన్ని ‘వర్షధారలో అశ్రుబిందువుల వలె’ అని రాస్తే హరికథలా ఉంటుంది. ‘వానలో కన్నీళ్లలా’ చాలు. ఆ మాటకి ముందు అతను ఆగుతాడు. మొత్తం వాక్యాన్ని ఒకే సబ్‌టైటిల్‌గా పెడితే అతను నోరు విప్పకముందే జనం చదివేస్తారు. రెండు ముక్కలు చేసి, రెండోది పెదవి కదిలాకే తెర మీదికి వచ్చేలా టైము పెట్టండి.