ఆయన డల్లాస్‌లో, మీరు గుంటూరులో: నిశ్చితార్థం నుంచి పెళ్లి దాకా ఫోన్ ఎలా వాడాలి

ఇప్పుడు మన దగ్గర చాలా సంబంధాలు ఇలాగే కదా, మ్యాట్రిమోనీలో ప్రొఫైల్, రెండు వీడియో కాల్స్, అబ్బాయి సెలవు మీద వచ్చినప్పుడు పెళ్లిచూపులు, ఆ వారంలోనే నిశ్చితార్థం, వెంటనే రిటర్న్ ఫ్లైట్. ఇక పెళ్లి దాకా పరిచయం అంతా వాట్సాప్‌లోనే. ఈ టైంలో వచ్చే గొడవల్లో చాలావరకు మనుషుల వల్ల రావు, ఫోన్ చూపించే గుర్తుల వల్ల వస్తాయి అని నాకు గట్టి నమ్మకం.

ముందు టైం సంగతి చూసుకోండి. డల్లాస్‌కీ మనకీ చలికాలంలో 11.30 గంటల తేడా, మార్చి రెండో ఆదివారం వాళ్లు గడియారం గంట ముందుకి జరుపుతారు కాబట్టి అప్పట్నుంచి 10.30 గంటలే, మళ్లీ నవంబర్ మొదటి ఆదివారం మామూలు. రోజూ మన రాత్రి 8కి మాట్లాడే మనిషి మార్చిలో ఒక సోమవారం నుంచి ఫోన్ ఎత్తట్లేదంటే మారిపోయాడని కాదు తల్లీ, అక్కడ పొద్దున 8:30 అయ్యేది ఇప్పుడు 9:30 అవుతోంది, పాపం ఆఫీసులో రోజూ పొద్దున జరిగే స్టాండప్ మీటింగ్‌లో ఉంటాడు. కాల్ మన రాత్రి 7కి పెట్టుకోండి చాలు.

తర్వాత లాస్ట్ సీన్. ప్రైవసీ సెట్టింగ్స్‌లో లాస్ట్ సీన్, ఆన్‌లైన్, బ్లూ టిక్కులు మూడూ ఇద్దరూ ఒకేసారి ఆఫ్ చేసేయండి, మీరు ఆఫ్ చేస్తే అవతలివాళ్లవీ మీకు కనపడవు, అదే మనకి కావాల్సింది. "ఆన్‌లైన్‌లో ఉన్నావ్, నాకు రిప్లై లేదు" అనే డైలాగ్ అక్కడితో పోతుంది. పాస్‌వర్డులు ఇచ్చుకోవడం, రోజంతా లైవ్ లొకేషన్ ఆన్‌లో పెట్టమనడం మాత్రం ఎవరడిగినా ఒప్పుకోకండి, అది ప్రేమ కాదు, కాపలా.

చాటింగ్ తగ్గించండి. "తిన్నావా", "హా", "ఏం కూర", "దోసకాయ", "హ్మ్"... ఆ చివరి హ్మ్ మీద రాత్రంతా అలకలు! దానికన్నా వీడియో ఆన్ చేసి ఫోన్ పక్కన పెట్టి ఎవరి పని వాళ్లు చేసుకోండి, ఆయన అంట్లు తోముతుంటే మీరు బట్టలు మడతపెట్టుకుంటూ. రూమ్‌మేట్‌తో ఎలా మాట్లాడతాడు, డెలివరీ వాడి మీద అరుస్తాడా, ఇవన్నీ టైపింగ్‌లో తెలిసేవి కాదు. అప్పులు, ఇంటికి పంపే డబ్బులు, మీ ఉద్యోగం లాంటివి కూడా మొహం చూస్తూనే అడగండి. హెచ్ వన్ బీ (ఉద్యోగ వీసా) మీదున్న అబ్బాయైతే మీరు వెళ్లేది హెచ్ ఫోర్ (భార్యగా వెళ్లే వీసా) మీద, మామూలుగా ఆయన ఐ 140, అంటే గ్రీన్ కార్డు కోసం కంపెనీ పెట్టే పిటిషన్, అప్రూవ్ అయితేనే మీకు వర్క్ పర్మిట్‌కి అప్లై చేసే వీలుంటుంది, కాబట్టి "అది ఏ స్టేజ్‌లో ఉంది" అని నేరుగా అడగండి, తర్వాత చూద్దాంలే అంటే ఇంకోసారి అడగండి, మొహమాటం వద్దు.

ఇక ప్రైవేట్ ఫొటోల విషయం, మన ఇళ్లల్లో ఎవరూ నోరు విప్పి చెప్పరు కానీ నిశ్చితార్థం అయ్యాక అడగడం చాలా చోట్ల జరుగుతోంది. ఇష్టం లేకపోతే వద్దని చెప్పండి, కాబోయే మొగుడైనా సరే. ఇష్టమై పంపుకున్నా మొహం, పుట్టుమచ్చ, గది గోడలు కనపడకుండా చూసుకోండి. ఒక్కసారే చూడగలిగేలా పంపే వ్యూ వన్స్‌లో స్క్రీన్‌షాట్ ఆగుతుంది కానీ ఇంకో ఫోన్‌తో ఫొటో తీస్తే ఎవరాపుతారు? సంబంధం చెడి బెదిరింపులు మొదలైతే చాట్ డిలీట్ చేయకండి, అదే సాక్ష్యం. సైబర్ క్రైమ్ హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి లేదా సైబర్ క్రైమ్ పోర్టల్‌లో కంప్లైంట్ పెట్టండి, ఒప్పుకోకుండా ప్రైవేట్ ఫొటోలు బయటపెడితే ఐటీ చట్టం 66ఇ కింద 3 ఏళ్ల దాకా జైలు ఉంది. స్టాప్ ఎన్‌సీఐఐ అనే సైట్ కూడా ఉంది, ఫొటో మీ ఫోన్ దాటి వెళ్లదు, దాని డిజిటల్ గుర్తు మాత్రమే వెళ్తుంది, దాన్ని బట్టి ఫేస్‌బుక్, ఇన్‌స్టాలాంటివి ఆ ఫొటో ఎక్కకుండా ఆపుతాయి.

అసలు నేరుగా కలవని సంబంధమైతే, కస్టమ్స్‌లో గిఫ్ట్ ఆగింది డబ్బు కట్టు అన్నాడంటే అది మోసం, బ్లాకే, ఆలోచించక్కర్లేదు.

చివరగా రెండు కుటుంబాల గ్రూపు. అడ్మిన్లు మాత్రమే మెసేజ్ పెట్టేలా సెట్ చేసి ముహూర్తం, హాల్ లొకేషన్, బస్సు టైమింగులు పెట్టండి. చీరల రేట్లు మాత్రం అందులోకి రానివ్వకండి.