కుక్క మెడ వంచడం లేదా? ఇంట్లో ఏం చూడాలి, ఏం చేయకూడదు

మా చింటూ గాడు రెండు రోజులు తిండి ముట్టకపోయేసరికి కడుపు పాడైందనుకున్నాను. వాడు డాక్స్‌హుండ్ అనే పొట్టి కాళ్ల, పొడుగు ఒంటి జాతి, అప్పటికి ఐదేళ్లు. గిన్నె దాకా వచ్చేవాడు, వాసన చూసేవాడు, కాసేపు అలాగే నిలబడి వెనక్కి వెళ్లిపోయేవాడు. మూడో రోజు విసుగొచ్చి గిన్నె ఎత్తి మూతి దగ్గర పట్టుకున్నాను. అడుగు దాకా నాకేశాడు. ఆకలి లేక కాదు, మెడ వంగక తినలేదు పాపం.

మీ కుక్క కూడా ఇలాగే చేస్తుంటే ముందు గిన్నెని దాని ఛాతీ ఎత్తులో పెట్టి చూడండి. మెడ నొప్పి ఉన్న కుక్క తలని వీపుకి సమంగా బిగబట్టుకుని నడుస్తుంది. పిలిస్తే మెడ తిప్పదు, ఒళ్లంతా తిప్పుతుంది. లేదంటే కళ్లు మాత్రమే పైకెత్తి చూస్తుంది. మెడ కండరాలు చర్మం కింద అదురుతుంటాయి. ఎత్తుకోబోతే కయ్యిమంటుంది. ఒక్కోసారి ముందు కాలు పైకెత్తి పట్టుకుంటుంది. మనమేమో ముల్లు గుచ్చుకుందని పాదమంతా వెతుకుతాం. ఇవన్నీ కళ్లతో చూడాల్సినవే. వంగుతుందో లేదో చూద్దామని మెడని చేత్తో మాత్రం వంచకండి.

కుక్క మెడలో వెన్నుపూసలు 7, మనకున్నన్నే. మొదటి రెండింటి మధ్య తప్ప మిగతా పూసల మధ్య మెత్తల్లాంటి డిస్క్‌లుంటాయి. డాక్స్‌హుండ్, బీగల్, పెకినీస్, ఫ్రెంచ్ బుల్‌డాగ్ లాంటి జాతుల్లో డిస్క్ లోపలి మెత్తటి గుజ్జు చిన్న వయసులోనే గట్టిపడిపోతుంది. ఏదో ఒకరోజు అది బయటికి పొడుచుకొచ్చి వెన్నుపాముని నొక్కుతుంది. సోఫా మీంచి దూకనిచ్చానని నన్ను నేను చాలా తిట్టుకున్నాను గానీ, లోపల అరుగుదల ఎప్పుడో మొదలై ఉంటుందట.

అయితే ప్రతి మెడ నొప్పీ డిస్క్ కాదు. జ్వరంతో మెడ బిగుసుకుపోయిన కుర్ర కుక్కకి మెనింజైటిస్ (మెదడు, వెన్నుపాము చుట్టూ ఉండే పొరల వాపు) కావచ్చు, ఆలస్యం చేయొద్దు. డాబర్‌మన్, గ్రేట్ డేన్ వెనక కాళ్లు తూలుతుంటే వాబ్లర్ (మెడ పూసల దగ్గర వెన్నుపాము నొక్కుకుపోయే జబ్బు) ఉందేమో చూడాలి. చివావా లాంటి బుల్లి కుక్కల్లో మొదటి రెండు పూసల కీలే వదులుగా ఉండొచ్చు. ముసలి జర్మన్ షెపర్డ్ ఏ నొప్పీ లేకుండా వెనక పాదాలు ఈడుస్తూ గోళ్లు అరగదీసుకుంటుంటే అది వేరే కథ, మెల్లగా ముదిరే జబ్బు.

ఇంట్లో చేయదగ్గ పరీక్ష ఒకటుంది. కుక్క నొప్పితో అరవకుండా నిలబడగలిగితేనే చేయండి. పొట్ట కింద చేయి ఆనించి, ఒక పాదాన్ని మడిచి పైభాగం నేలకి తగిలేలా పెట్టండి. బాగున్న కుక్క వెంటనే పాదం సరిచేసుకుంటుంది. అలాగే వదిలేస్తే నరాల మీద ఒత్తిడి ఉండొచ్చు, ఆ రోజే డాక్టర్‌కి చూపించాలి. కాళ్లు పడిపోయినా, మూత్రం ఆగిపోయినా పొద్దున్న దాకా ఆగకండి. పాదాల్లో స్పర్శ పోతే గంటలు కూడా లెక్కే. చుక్కలు చుక్కలుగా కారుతోంది కదా, మూత్రం వస్తోందనుకోకండి. సంచి నిండి పొంగినా అలాగే కారుతుంది.

మన ఇబుప్రోఫెన్, పారాసిటమాల్ దానికి వేయొద్దు. పాత చీటీలోని స్టెరాయిడ్ మిగిలి ఉంటే అదీ వద్దు. డాక్టర్ ఇచ్చే నొప్పి మాత్రతో అది కలిస్తే కడుపులో పుండ్లు పడి రక్తస్రావం కావచ్చు. వెళ్లేముందు ఫోన్‌లో నడక వీడియో తీసుకోండి. టేబుల్ ఎక్కగానే చింటూ భయానికి నొప్పి మర్చిపోయి చక్కగా నిలబడ్డాడు, వీడియో చూశాకే డాక్టర్‌కి విషయం అర్థమైంది. ఎక్స్‌రేలో పూసలు కనిపిస్తాయి, వెన్నుపాము కనిపించదు. ఆపరేషన్ మాట వస్తే ఎంఆర్ఐ అడుగుతారు.

నడవగలిగే కుక్కకి సాధారణంగా ముందు చెప్పే వైద్యం మందులూ, 4 నుంచి 6 వారాల బోను విశ్రాంతీ. లేచి నిలబడి, తిరిగి, పడుకోడానికి సరిపడా చోటు చాలు. మూత్రానికి మాత్రమే బయటికి తీసుకెళ్లాలి, అదీ మెడపట్టీతో కాదు, ఛాతీకి కట్టే హార్నెస్‌తో. ఇక్కడే నేను బోల్తా పడ్డాను. తొమ్మిదో రోజుకి తోక ఊపుతూ మూలుగుతుంటే జాలేసి వదిలాను. ఇల్లంతా ఒక చుట్టు పరిగెత్తాడు. సాయంత్రానికి మళ్లీ అదే కయ్యిమనడం. రోజులు మళ్లీ ఒకటి నుంచి లెక్కపెట్టాల్సొచ్చింది. మాత్రలకి తగ్గింది నొప్పి మాత్రమే, లోపలి దెబ్బ మానలేదు.

ఎత్తుకునేటప్పుడు ఒక చేయి ఛాతీ కింద, ఇంకోటి పిరుదుల కింద పెట్టండి. వీపు నేలకి సమంగా ఉండాలి, చంకల్లో చేతులేసి వేలాడదీయకూడదు. నున్నటి నేల మీద దుప్పట్లు పరవండి. చింటూ గిన్నె ఇప్పటికీ చిన్న స్టూల్ మీదే ఉంటుంది. నొప్పి పోయి చాలా కాలమైనా, కింద పెడితే వాడు దాని వంక చూడడు, నా వంక చూస్తాడు.