మెక్‌వారియర్ 5 క్యాంపెయిన్‌ను స్నేహితులతో కలిసి ఎలా ఆడాలి?

నలుగురు స్నేహితులు నాలుగు భారీ యుద్ధ యంత్రాల్లో కూర్చుని ఒకే కథను మొదటి నుంచి చివరి దాకా ఆడాలనుకుంటే, నేను ముందుగా చెప్పే పేరు మెక్‌వారియర్ 5: మెర్సినరీస్. కెనడాలోని వాంకూవర్ దగ్గరున్న పిరానా గేమ్స్ దీన్ని 2019 డిసెంబర్‌లో పీసీ కోసం విడుదల చేసింది. 2021లో ఎక్స్‌బాక్స్‌కు, ప్లేస్టేషన్‌కు కూడా వచ్చింది. ఒకరి దగ్గర పీసీ, మరొకరి దగ్గర ఎక్స్‌బాక్స్ ఉన్నా కలిసి ఆడొచ్చు.

కథా ప్రపంచం 1984లో అమెరికాలో పుట్టిన బ్యాటిల్‌టెక్ బోర్డు గేమ్‌ది. ఆట 3015వ సంవత్సరంలో మొదలవుతుంది. డేవియన్, స్టైనర్, కురీటా, లియావో, మారిక్ అనే ఐదు రాజవంశాలు నక్షత్రాల కోసం కొట్టుకుంటుంటాయి. మీరు వాళ్లలో ఎవరి సైనికులూ కాదు. డబ్బు తీసుకుని యుద్ధం చేసే కిరాయి కంపెనీ మీది. వచ్చిన డబ్బుతోనే మెక్‌లు (పైలట్ లోపల కూర్చుని నడిపే ఆ యుద్ధ యంత్రాలు) బాగుచేయించుకోవాలి, పైలట్లకు జీతాలివ్వాలి, ఒక గ్రహం నుంచి ఇంకో గ్రహానికి ప్రయాణం చేయాలి. అందుకే ఇందులో గురి బాగా కుదిరిన నలుగురు కూడా నష్టాల్లో మునిగిపోవచ్చు. ఎవరి శత్రువును వాళ్లు వెతుక్కుంటూ ఆడితే మిషన్ గెలుస్తారు కానీ రిపేర్ల బిల్లు వచ్చిన సొమ్మును మింగేస్తుంది. కలిసి ఆడటం అంటే ఇక్కడ కలిసి ఖర్చు తగ్గించుకోవడం కూడా. కింద చెప్పేవన్నీ దాని చుట్టూ తిరిగేవే.

1. క్యాంపెయిన్ ఎవరిదో ముందే తేల్చుకోండి

అన్నిటికంటే ముఖ్యమైన నిర్ణయం ఇది. చాలామంది దీన్ని పట్టించుకోకుండానే మొదలుపెడతారు. మెర్సినరీస్‌లో క్యాంపెయిన్, అంటే మొదటి నుంచి చివరి దాకా సాగే కథ, హోస్ట్‌ది. ఆట తెరిచి మిగతావాళ్లను పిలిచేవాడే హోస్ట్. డబ్బు, మెక్‌లు, ఆయుధాలు, కథలో ఎంత ముందుకు వెళ్లారన్నది, అన్నీ హోస్ట్ సేవ్‌లోనే ఉంటాయి. మిగతా ముగ్గురూ హోస్ట్ గ్యారేజీలోని మెక్‌లు ఎక్కి ఆడతారు. మీరు వేరే ఇంట్లో సొంతంగా ఆడుకుంటున్న క్యాంపెయిన్‌కు ఇక్కడి సంపాదన ఏమీ రాదు.

ఈ విషయం మొదటి రోజే అందరికీ తెలిసి ఉండాలి. రెండు నెలలు ఆడాక "నా సేవ్‌లో ఏమీ లేదేంట్రా?" అని ఒకరు అడిగితే మనసు నొచ్చుకుంటుంది. హోస్ట్ అంటే ఎక్కువ బాగా ఆడేవాడు కాదు. క్రమం తప్పకుండా వచ్చేవాడు, నెట్ నిలకడగా ఉన్నవాడు, డబ్బు లెక్క చూసే ఓపిక ఉన్నవాడు. హోస్ట్ రాని రోజు ఆ క్యాంపెయిన్ ఆగిపోతుంది కాబట్టి, అలాంటి రోజులకు ఇన్‌స్టంట్ యాక్షన్‌ను (క్యాంపెయిన్‌తో సంబంధం లేని విడి యుద్ధాలను) ఉంచుకోండి. కొత్త మెక్‌లు, కొత్త ఆయుధాలు ప్రయత్నించి చూడటానికి అది మంచి చోటు, అక్కడ ఎవరి డబ్బూ పోదు.

పీసీలో మోడ్‌లు (ఆటను మార్చడానికి ఆటగాళ్లు తయారుచేసిన అదనపు ఫైళ్లు) వాడుతుంటే నలుగురి దగ్గరా అవే మోడ్‌లు, అవే వెర్షన్లు ఉండాలి. నా సలహా అయితే, మొదటి క్యాంపెయిన్ మోడ్‌లు లేకుండానే ఆడండి.

2. టైం, నెట్, మాట

మన స్నేహితుల బృందాల్లో ఒకరైనా అమెరికాలో ఉండటం మామూలే. హైదరాబాద్‌లో శనివారం ఉదయం 7:30 అయితే, డాలస్‌లో వేసవిలో శుక్రవారం రాత్రి 9, చలికాలంలో రాత్రి 8. ఇద్దరికీ సెలవు ముందున్న సమయం ఇది, టెన్షన్ లేకుండా ఆడొచ్చు. ఆట మధ్యలో మిషన్‌ను సేవ్ చేసే వీలు లేదు కాబట్టి, కూర్చుంటే రెండు మూడు మిషన్లకు సరిపడా ఖాళీ ఉండేలా చూసుకోండి.

ఆట నడిచేది హోస్ట్ మెషీన్ మీద. అందుకే హోస్ట్ వైఫైకి బదులు కేబుల్ పెట్టుకుంటే మిగతావాళ్లందరికీ తేడా తెలుస్తుంది. దూర దేశంలో ఉన్న స్నేహితుడికి కొంత ఆలస్యం తప్పదు. అతనికి వేగంగా దూసుకెళ్లే చిన్న మెక్ ఇవ్వకుండా, దూరం నుంచి లాక్ చేసి మిసైళ్లు వదిలే మెక్ ఇస్తే ఆ ఆలస్యం పెద్దగా బాధించదు. మాట్లాడుకోవడానికి డిస్కార్డ్ చాలు.

3. నడక ఎవరికి వాళ్లు నేర్చుకుని రండి

మెక్ కాళ్లు ఒక దిక్కుకు నడుస్తుంటే, నడుం పైభాగం ఇంకో దిక్కుకు తిరిగి కాల్చగలదు. మామూలు షూటింగ్ గేమ్‌లు ఆడినవాళ్లకు మొదట ఇది తికమకగానే ఉంటుంది. చూపు కుడికి, నడక ఎడమకు అన్నది చేతికి అలవాటు కావాలి. ఆటలోని ట్యుటోరియల్, మొదటి కొన్ని మిషన్లు ఒంటరిగా ఆడితే ఇది వచ్చేస్తుంది.

దాంతోపాటు ఆయుధాలను గ్రూపులుగా పెట్టుకోవడం నేర్చుకోండి. అన్నీ ఒకే బటన్ మీద పెట్టి ఒకేసారి కాల్చితే వేడి పెరిగి మెక్ షట్‌డౌన్ అవుతుంది. శత్రువు ఎదురుగా కదలకుండా నిలబడటం కంటే ఖరీదైన పని ఈ ఆటలో ఇంకోటి లేదు. లేజర్లు ఒక గ్రూపు, మిసైళ్లు ఒకటి, ఫిరంగి ఒకటి, అలా విడదీయండి.

4. టన్నులు పంచుకోండి

ప్రతి మిషన్‌కు ఇన్ని టన్నుల లోపే దిగాలన్న పరిమితి ఉంటుంది. మెక్‌లు 20 నుంచి 100 టన్నుల దాకా ఉంటాయి. 35 లోపు లైట్, 40 నుంచి 55 మీడియం, 60 నుంచి 75 హెవీ, 80 పైన అసాల్ట్. అందరికీ పెద్దదే కావాలనిపిస్తుంది, పరిమితి అందుకు ఒప్పుకోదు.

పరిమితి 200 టన్నులు అనుకుందాం. 35 టన్నుల జెన్నర్, 50 టన్నుల సెంచూరియన్, 50 టన్నుల హంచ్‌బ్యాక్, 65 టన్నుల క్యాటపల్ట్ తీసుకుంటే లెక్క సరిగ్గా సరిపోతుంది. జెన్నర్ ముందు పరుగెత్తి శత్రువులు ఎక్కడున్నారో చెబుతుంది, ట్యాంకులను ఏరేస్తుంది. సెంచూరియన్ మధ్యలో నిలబడి దెబ్బలు కాస్తుంది. హంచ్‌బ్యాక్ భుజం మీద ఏసీ-20 అనే పెద్ద ఫిరంగి ఉంటుంది. దగ్గరకొస్తే ఒక్క దెబ్బకు చిన్న మెక్‌ల పని అయిపోతుంది. క్యాటపల్ట్ వెనక గుట్ట మీద నుంచి ఎల్ఆర్ఎం అనే దూరశ్రేణి మిసైళ్లు వదులుతుంది. వీటికి కనీస దూరం ఉంటుంది, మరీ దగ్గరకొచ్చిన శత్రువు మీద పనిచేయవు. కాబట్టి క్యాటపల్ట్ మీదకు ఎవరైనా దూకితే వెనక్కి వచ్చి కాపాడే బాధ్యత ఎవరిదో దిగేముందే చెప్పుకోండి. నేనైతే దాన్ని జెన్నర్‌కే అప్పగిస్తాను, అందరికంటే వేగంగా చేరేది అదే.

ముగ్గురే ఉంటే నాలుగో చోట కంప్యూటర్ నడిపే పైలట్ వస్తాడు. అతనికి నడపడం తేలికగా ఉండే, గట్టి కవచం ఉన్న మెక్ ఇవ్వండి. ఖరీదైన అరుదైన ఆయుధాలు అతని మెక్‌లో పెట్టొద్దు.

5. కాంట్రాక్టు బేరం నలుగురూ కలిసి చూడండి

మిషన్ ఒప్పుకునే ముందు బేరం ఆడే స్క్రీన్ వస్తుంది. చేతిలో కొన్ని పాయింట్లు ఉంటాయి. వాటిని ఎక్కువ జీతం, ఎక్కువ సాల్వేజ్ వాటా, దెబ్బతిన్నదానికి నష్టపరిహారం, ఇలా పంచాలి. సాల్వేజ్ అంటే మీరు పడగొట్టిన శత్రువుల శకలాల్లో మీకు దక్కే వాటా.

మొదట్లో పాయింట్లు ఎక్కువగా సాల్వేజ్ మీద పెట్టమంటాను. మార్కెట్‌లో ఒక మంచి మెక్ కొనడానికి ఎన్నో మిషన్ల డబ్బు కావాలి, సాల్వేజ్‌లో అదే మెక్ ఒక్క రాత్రిలో దొరకొచ్చు. ఎదురుగా ట్యాంకులు, చిన్న మెక్‌లే ఉంటాయనుకుంటే మాత్రం డబ్బు తీసుకోవడమే మేలు. హోస్ట్ ఒక్కడే గబగబా నొక్కేయకుండా మిగతావాళ్లను అడిగితే, తర్వాత "మనం ఇది తీసుకుని ఉండాల్సింది" అన్న మాట రాదు. ఉమ్మడి కుటుంబంలో ఖర్చు లాంటిదే ఇది. బీరువా తాళం ఒకరి దగ్గరే ఉన్నా, లెక్క అందరికీ తెలిసి ఉండాలి.

6. యుద్ధంలో: ఒకే శత్రువు, ఒకే భాగం

ఒక్కో మెక్‌కు తల, ఛాతీ, రెండు పక్కలు, రెండు చేతులు, రెండు కాళ్లు విడివిడిగా కవచం ఉంటుంది. మీరు నలుగురు నాలుగు శత్రువుల మీద కాల్చితే ఆ శత్రువులు నలుగురూ సగం దెబ్బతిని, ఇంకా తిరిగి కాల్చుతూనే ఉంటారు. అందరూ ఒక్కడి ఒకే భాగం మీద కాల్చితే వాడు క్షణాల్లో పడిపోతాడు, మీ మీదకొచ్చే కాల్పుల్లో పావు వంతు అక్కడికక్కడే ఆగిపోతుంది.

దీనికి మాట పొదుపుగా ఉండాలి. ఒకరే టార్గెట్ చెప్పాలి, ముందున్న జెన్నర్ పైలట్ అయితే మంచిది. "ఎడమ గుట్ట పక్కన హంచ్‌బ్యాక్. కుడి భుజం." అంతే. హంచ్‌బ్యాక్ ఫిరంగి ఉండేది కుడి పక్కనే, అది ఊడిందంటే వాడి కోరలు పీకేసినట్టే. తర్వాత వాణ్ని కాసేపు వదిలేసి పక్కవాడి మీదకు మారొచ్చు. "ఊడింది. వెనకున్న సెంచూరియన్, కుడి చెయ్యి." సెంచూరియన్ పెద్ద తుపాకీ కుడి చేతిలో ఉంటుంది. ఏ మెక్ ఆయుధం ఎక్కడుందో నాలుగైదు రకాలకు గుర్తుంచుకున్నా చాలు, ఆడే తీరే మారిపోతుంది.

మీ సొంత మెక్ విషయంలో దీన్నే తిప్పి వాడాలి. మీరు నడిపే సెంచూరియన్ మామూలు మోడల్ అయితే ఎడమ చేతిలో ఆయుధమే ఉండదు. కాబట్టి కాల్చి, వెంటనే నడుం కుడికి తిప్పి, ఎడమ భుజం శత్రువు వైపు పెట్టండి. ఆయుధాలు మళ్లీ సిద్ధమయ్యేదాకా దెబ్బలన్నీ ఆ ఖాళీ చేతి మీద పడతాయి. సిద్ధం కాగానే ఎదురు తిరిగి కాల్చి, మళ్లీ పక్కకు తిరగండి. కాల్చడం, తిరగడం, కాల్చడం, తిరగడం. ఇది చేతికొచ్చిన పైలట్ మిషన్ ముగిసేసరికి ఒక చెయ్యి పోగొట్టుకుని వస్తాడు. రానివాడు ఛాతీ నుజ్జయి, మెక్ మొత్తం పోగొట్టుకుని వస్తాడు.

కవచం పలచబడినవాడు ఆ మాట గట్టిగా చెప్పాలి. "నా కుడి పక్క ఎరుపు" అనగానే పక్కవాడు ఒక అడుగు ముందుకేసి అతని స్థానం తీసుకోవాలి. కొత్తవాళ్లు మొహమాటంతో చెప్పరు. వాళ్లను అడిగి చెప్పించుకోండి. ఈ ఆటలో నాకు అన్నిటికంటే నచ్చేది ఇదే. ముందున్నవాడు వెనక్కి తగ్గుతుంటే, ఏమీ అడక్కుండానే ఇంకొకడు వచ్చి అడ్డంగా నిలబడతాడు. కంప్యూటర్ పైలట్లతో ఎంత ఆడినా అది దొరకదు.

ఇంకో జాగ్రత్త ఉంది. మీ కాల్పులు మీవాళ్లకు కూడా తగులుతాయి. ముందున్న స్నేహితుడి వీపు మీదుగా కాల్చొద్దు. మెక్‌కు వీపు వైపు కవచం పలచగా ఉంటుంది.

మిషన్ రకాన్ని బట్టి పద్ధతి కొంచెం మారుతుంది. డిమాలిషన్‌లో స్థావరాన్ని పడగొట్టాలి, భవనాల గుండా నడిచినా అవి కూలిపోతాయి, మందుగుండు మిగులుతుంది. డిఫెన్స్‌లో దీనికి పూర్తిగా వ్యతిరేకం. కాపాడాల్సిన భవనాలను మీ పాదాలే తొక్కేస్తే ఆ నష్టం మీ లెక్కలోనే పడుతుంది. అందుకని స్థావరం లోపల తిరక్కుండా, బయటికి వెళ్లి శత్రువును దారిలోనే ఆపండి. ఇద్దరు ఒకవైపు, ఇద్దరు మరోవైపు అని ముందే విడిపోతే పరుగులు తగ్గుతాయి. వార్‌జోన్‌లో అలలు అలలుగా వస్తూనే ఉంటారు. అనుకున్నంత నష్టం చేశాక వెళ్లిపోవచ్చు, ఉండి ఇంకా సంపాదించొచ్చు కూడా. అప్పుడు అందరి కవచం స్థితి ఒకసారి అడిగి, ఒక్కరైనా ఎరుపులో ఉంటే బయల్దేరండి.

7. మిషన్ అయ్యాక

సాల్వేజ్ స్క్రీన్‌లో మీకున్న వాటాల మేరకే తీసుకోగలరు, పెద్ద మెక్‌కు ఎక్కువ వాటాలు పోతాయి. కంపెనీకి ఏది లోటుగా ఉందో అది తీసుకోండి. ఎల్ఆర్ఎం మెక్ రెండోది ఎందుకు, దగ్గర నుంచి కొట్టేది లేకపోతే?

రిపేర్లు యుద్ధం జరుగుతున్న ప్రాంతంలో చేయిస్తే ఖర్చూ ఎక్కువే, రోజులూ ఎక్కువే. చిన్న గీతలైతే అలాగే ఇంకో మిషన్‌కు దిగండి. చేతులు, కాళ్లు ఊడి ఉంటే ఇండస్ట్రియల్ హబ్ (తక్కువ ఖర్చుతో రిపేర్లు, కొనుగోళ్లు చేసుకునే కేంద్రం) దాకా వెళ్లి చేయించండి. ఆటలో రోజులు గడిచేకొద్దీ జీతాలు, నిర్వహణ ఖర్చులు పడుతూనే ఉంటాయి కాబట్టి, ఒకే ప్రాంతంలో మూడు నాలుగు మిషన్లు వరుసగా చేసి, ఆ తర్వాత ఒకేసారి హబ్‌కు వెళ్లడం లాభం. ఇందుకోసం గ్యారేజీలో నాలుగు కాదు, ఆరేడు మెక్‌లు సిద్ధంగా ఉంచుకుంటే ఒకటి రిపేర్‌లో ఉన్నా ఎవరూ ఖాళీగా కూర్చోరు.

హబ్‌లో షాపింగ్, మెక్‌ల అమరిక గంటలు తినేస్తాయి. ఆ పని హోస్ట్ వారం మధ్యలో తీరిక ఉన్నప్పుడు ఒంటరిగా చేసి, మార్పులు గ్రూపులో రాసి పెడితే, శనివారం ఉదయం నలుగురూ లాగిన్ కాగానే నేరుగా దిగిపోవచ్చు.

ఐదుగురు ఉన్నారా? అప్పుడు 2024 అక్టోబర్‌లో వచ్చిన మెక్‌వారియర్ 5: క్లాన్స్ చూడండి. అందులో స్క్వాడ్ ఐదుగురిది, కో-ఆప్‌లోనూ (స్నేహితులతో కలిసి ఆడేటప్పుడూ) ఐదుగురు ఆడొచ్చు. అక్కడ మిషన్లు కథ ప్రకారం ఒకదాని తర్వాత ఒకటి వస్తాయి. బేరాలు, కంపెనీ లెక్కలు వద్దు, యుద్ధమే కావాలనుకునేవాళ్లకు నలుగురే ఉన్నా అదే నప్పుతుంది.