మాయా నక్షత్రాన్ని కథలోకి తెచ్చే ముందు జాగ్రత్తలు

కల్పిత లోకంలో ఓ వింత నక్షత్రాన్ని వెలిగించాలని అనుకుంటున్నారా? మంత్రాన్ని పాఠకుడు ఇట్టే నమ్ముతాడు, నీడ తప్పుగా పడితే మాత్రం నమ్మడు. రాయడం మొదలుపెట్టకముందే ఒక కాగితం మీద అయిదు సంగతులు రాసిపెట్టుకోండి: నక్షత్రం రంగు, వెలుగు ఎంత, మొదటి అధ్యాయం నాటికి ఏ వేళకు ఉదయిస్తుంది, ఎంత దూరంలో ఉంది, ప్రకృతి నియమాన్ని ఎక్కడ దాటుతుంది. చివరి ప్రశ్నకు జవాబు ఒక్కటే ఉండాలి. మిగతా అంతా మామూలు వెలుగులాగే నడవాలి, అప్పుడే ఆ ఒక్క వింత వింతగా కనిపిస్తుంది.

ఎక్కువ తప్పులు రంగు దగ్గరే జరుగుతాయి. ఆకాశంలో ఆకుపచ్చ నక్షత్రం ఉండదు. నక్షత్రం అన్ని రంగులనూ కలిపి వెదజల్లుతుంది కాబట్టి, ఆకుపచ్చ పాలు ఎక్కువగా ఉన్నా కంటికి తెల్లగానే కనిపిస్తుంది. మీకు ఆకుపచ్చే కావాలంటే మీ మాయ అక్కడే ఖర్చయిపోయిందని గుర్తుంచుకోండి. ఇక ఎర్ర నక్షత్రం. ఆర్ద్ర, జ్యేష్ఠ నక్షత్రాల ఉపరితల వేడి దాదాపు 3,500 కెల్విన్ (వేడిని కొలిచే ప్రమాణం). మన ఇళ్లలో వెలిగిన పాత ఫిలమెంట్ బల్బు 2,700 దగ్గర ఉండేది. వేడి పెరిగేకొద్దీ వెలుగు తెల్లబడుతుంది, అంటే ఎర్ర సూర్యుడున్న లోకంలో పగలు బల్బు వెలుగుకన్నా కాస్త తెల్లగానే ఉంటుంది. కన్ను దానికి అలవాటు పడిపోతుంది, కాగితం తెల్లగానే అనిపిస్తుంది. ‘లోకమంతా రక్తవర్ణం’ అని రాయకండి.

రెండు సూర్యుళ్లు ఉంటే నీడలూ రెండు పడతాయి. ఎర్ర సూర్యుడి వల్ల పడే నీడ ఎర్రగా ఉంటుందని చాలామంది రాస్తారు. జరిగేది దీనికి తిరగబడి ఉంటుంది. తెల్ల సూర్యుడికి అడ్డుపడినచోట ఎర్ర వెలుగు మాత్రమే చేరుతుంది కాబట్టి ఆ నీడ ఎర్రబారుతుంది. ఎర్ర సూర్యుడి నీడలో తెల్ల వెలుగే మిగులుతుంది, పక్కనున్న ఎరుపుతో పోల్చుకుని కన్ను దాన్ని నీలిపచ్చగా చూస్తుంది. అనుమానం ఉంటే గోడ ముందు రెండు టార్చిలైట్లు పెట్టి, ఒకదానికి వెలుగు దాటిపోయే ఎర్రటి పారదర్శక కాగితం చుట్టి, మధ్యలో పెన్సిల్ నిలబెట్టి చూసుకోండి.

నీడ అంచు కూడా ముఖ్యమే. మన సూర్యబింబం ఆకాశంలో అర డిగ్రీ వెడల్పు ఉంటుంది. అందుకే నేలకు మీటరు ఎత్తున చెయ్యి చాపితే నీడ అంచు సుమారు 9 మిల్లీమీటర్ల మేర మసకబారుతుంది. మీ నక్షత్రం చుక్కలా ఉండి బాగా వెలిగితే నీడ కత్తితో కోసినట్టు పడాలి, తలవెంట్రుక నీడ కూడా విడిగా కనపడాలి. ఈ ఒక్క వివరంతోనే చదివేవాడి ఒళ్లు జలదరిస్తుంది.

వెలుగు మసకైతే రంగులు చెప్పకండి. నిండు పున్నమి వెన్నెల ఎండకన్నా దాదాపు 4 లక్షల రెట్లు తక్కువ. ఆ వెలుగులోనే ఎర్రచీర నల్లగా తేలుతుంది, నీలాలూ ఆకుల పచ్చదనమూ కాస్త పైకి తేలతాయి. నెత్తురు కూడా నల్లగానే కనిపిస్తుంది. దీపం ఆర్పిన పాత్ర చీకట్లో చక్కగా చూడాలంటే 20 నుంచి 30 నిమిషాలు పడుతుంది.

కాలం లెక్క తప్పితే కథంతా తప్పుతుంది. ఏ నక్షత్రమైనా రోజుకు దాదాపు 4 నిమిషాలు ముందుగా ఉదయిస్తుంది. కార్తీక పున్నమినాడు నడిరేయి ఉదయించిన చుక్క మార్గశిర పున్నమికి రాత్రి 10 గంటలకే వచ్చేస్తుంది. మరుసటి ఏడు అధికమాసం లేకపోతే కార్తీక పున్నమి 11 రోజులు ముందుకు జరుగుతుంది, చుక్క ముప్పావుగంట ఆలస్యమవుతుంది. ‘ప్రతి కార్తీక పున్నమికీ సరిగ్గా నడిరేయి’ అన్న శాపం అందుకే నిలవదు. పైగా అది పున్నమి, మసక చుక్క వెన్నెల్లో మునిగిపోతుంది. దీపావళి అమావాస్య మేలు.

కార్తెల విషయంలో మరీ జాగ్రత్త. రోహిణి కార్తె అంటే సూర్యుడు రోహిణి దగ్గర ఉండే రోజులు. రోళ్లు పగిలే ఆ ఎండల్లో రోహిణి నక్షత్రం రాత్రి కనిపించదు, సూర్యుడితోపాటే ఉదయించి అస్తమిస్తుంది. మీ నక్షత్రం పేరిట కార్తె పెడితే ఆ పదమూడు పద్నాలుగు రోజులూ దాన్ని ఆకాశంలో దాచేయండి. ఇదే కథకు మంచి మలుపు కావచ్చు.

మాంత్రికుడు నక్షత్రాన్ని ఆర్పేస్తే? అది 300 కాంతి సంవత్సరాల (వెలుగు 300 ఏళ్లలో ప్రయాణించే) దూరంలో ఉంటే కింద చీకటి పడేది 300 ఏళ్ల తర్వాతే. వెంటనే పడాలంటే ఆ మినహాయింపును మొదటి అధ్యాయాల్లోనే చెప్పెయ్యాలి, ఆఖర్లో చెబితే మోసంలా ఉంటుంది. అంతుచిక్కని మినుకులకు నిజమైన ఆనవాళ్లు వాడుకోండి. ఆల్గాల్ అనే నక్షత్రం ప్రతి 2 రోజుల 20 గంటల 49 నిమిషాలకోసారి మసకబారుతుంది, ఎందుకంటే మసక తోడునక్షత్రం దానికి అడ్డుగా వస్తుంది. 2019 చివర ఆర్ద్ర మసకబారి 2020 ఫిబ్రవరికి సుమారు మూడో వంతు వెలుగుకు పడిపోయింది, అది కక్కిన వాయువు చల్లబడి ధూళిగా మారి అడ్డుపడింది. 1054లో వృషభరాశిలో పేలిన నక్షత్రం 23 రోజులు పట్టపగలే కనిపించి, రాత్రుల్లో దాదాపు రెండేళ్లు నిలిచింది. పేలుడును ఒక్క రాత్రిలో ముగించకండి.

పిల్లలు చదివే కథలో వీరుడు సూర్యుణ్ణి రెప్పవేయకుండా చూసి శక్తి సంపాదించే ఘట్టం వద్దే వద్దు. కంటి లోపల వెలుగును పట్టే పొర రెటీనాకు నొప్పి తెలియదు, కాలిపోతున్నా పిల్లవాడు కళ్లు తిప్పుకోడు. గ్రహణం వేళ మసిగాజు, ఎక్స్‌రే ఫిల్ము వాడినట్టు కూడా రాయకండి, అవి కాపాడవు. దానికి బదులు మీ వీరుణ్ణి వేపచెట్టు కింద నిలబెట్టండి. పాక్షిక గ్రహణంలో ఆకుల సందుల్లోంచి జారిన ప్రతి వెలుగుచుక్కా నేలమీద నెలవంకలా పడుతుంది. సూర్యుడికి వీపు పెట్టే దాన్ని చూడొచ్చు.