మొదటి ములాఖత్‌లో ‘ఎందుకు చేశావు’ అని అడగకండి

హత్య కేసులో ముద్దాయి ఆడమనిషైతే, గుంటూరు కోర్టుకు కొత్తగా వచ్చే జూనియర్ లాయర్లు ఛార్జిషీటులో రాసిన మోటివ్ చదువుకుని జైలుకు వెళ్తారు. ఎక్కువగా ‘వివాహేతర సంబంధం’ అనే ఉంటుంది. అది నిజమే కావచ్చు. అయినా మాట అక్కడ మొదలుపెట్టకండి.

‘ఎందుకు చేశావు’ అంటే స్టేషన్‌లో చెప్పిన జవాబే మీకూ చెబుతుంది. ముందు ఆమె పని గురించి అడగండి. మిర్చి తొడిమలు తీసే ఒకావిడ రెండు ములాఖత్‌లలోనూ నోరు విప్పలేదు. మూడోసారి, ‘చేతులకి ఏం రాసుకుంటావమ్మా?’ అన్నాను. అరచేతులు తిప్పి చూపించింది. ‘ఆముదమండి. మంట పోదు గానీ, రాత్రి పిల్లని దగ్గరికి తీసుకోవచ్చు.’ ఎడమ చేతి చిటికెనవేలు వంకరగా ఉంది. నేను దానివైపే చూస్తుంటే, ‘అది సంక్రాంతి రోజు ఆయన విరిచిందండి. కూలి పోతుందని ఆసుపత్రికి పోలేదు’ అంది. పదకొండేళ్ల కాపురం ఆ వేలి దగ్గర నుంచే చెప్పుకొచ్చింది.

తేదీలు అడిగితే తడబడతారు. పండగలు, కాన్పులు, మారిన అద్దె ఇళ్లు అడిగి వరసగా రాసుకోండి. ప్రతిదాని పక్కనా సాక్ష్యం వెతకండి: ఓపీ చీటీ, తాకట్టు రసీదు, పెద్దమనుషుల్లో పెట్టిన తగువు, అడ్డుపడిన పక్కింటావిడ.

ఇదంతా ఎందుకంటే, బీఎన్‌ఎస్ (భారతీయ న్యాయ సంహిత)లో హత్య అంటే ఏమిటో చెప్పే 101వ సెక్షన్‌కి ఉన్న మొదటి మినహాయింపు ‘తీవ్రమైన, ఆకస్మిక’ రెచ్చగొట్టడం అంటుంది. ఏళ్ల తరబడి దెబ్బలు తిన్నామె, భర్త నిద్రపోతున్నప్పుడు కొడితే, ‘ఆకస్మిక’ అన్న మాట దగ్గరే మనం ఇరుక్కుంటాం. 1989లో సుయంబుక్కని కేసులో మద్రాసు హైకోర్టు, కాలం గడిచేకొద్దీ పేరుకున్న రెచ్చగొట్టడాన్నీ లెక్కలోకి తీసుకుంది. మన కోర్టులు దాన్ని పాటించి తీరాలని లేదు, కానీ చూపించి వాదించవచ్చు. కోర్టు ఒప్పుకుంటే 103 (హత్య) కింద ఉన్న కేసు 105కి (హత్య కాని నేరపూరిత నరహత్య) దిగుతుంది.

డబ్బు కోసమో, ఇంకొకరి కోసమో చంపానని చెప్పేవాళ్లూ ఉంటారు. అదీ ఆమె చెప్పినట్టే రాసుకోండి, జాలి కథగా మార్చకండి. చనిపోయినవాడి తల్లి కూడా అదే కోర్టు హాల్లో కూర్చుంటుంది.

ఫీజు గురించి ఇంటివాళ్లు టెన్షన్ పడుతుంటే, 1987 నాటి న్యాయ సేవల అధికార సంస్థల చట్టం కింద ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయసహాయం ఉందని చెప్పండి.

ఆ మిర్చి పని ఆవిడ కేసు ఇంకా నడుస్తోంది. వచ్చే వాయిదాకి, ఆ వేలికి ఎక్స్‌రే తీయించమని పిటిషన్ వేస్తున్నాను.