సొంత బ్రాండ్‌తో సప్లిమెంట్లు: ఫ్యాక్టరీని ఎలా ఎంచుకోవాలి, లైసెన్స్‌కు ఎలా దరఖాస్తు చేయాలి

మునగాకు క్యాప్సూల్స్, ప్రొటీన్ పౌడర్, మల్టీవిటమిన్ లాంటివి సొంత పేరుతో అమ్మాలని మన విజయనగరం, శ్రీకాకుళం వైపు చాలామందికి ఉంది. ఫ్యాక్టరీ పెట్టక్కర్లేదు, వేరేవాళ్లతో చేయించుకోవచ్చు. కానీ ముందు డబ్బా డిజైన్ చేయించి, తర్వాత ఫ్యాక్టరీకి అడ్వాన్స్ కట్టి, ఆఖరున లైసెన్స్ సంగతి అడుగుతున్నారు. దయచేసి అలా చేయకండి. మీ దరఖాస్తుకు కావలసిన అసలు కాగితాలు ఫ్యాక్టరీ నుంచే రావాలి, కాబట్టి అవి చూడకుండా ఒక్క రూపాయి కూడా పంపొద్దు.

"పైడిభీమవరంలో ఫార్మా కంపెనీలున్నాయి కదా, అక్కడ చేయించలేమా?" అని అడుగుతుంటారు. అక్కడ ఎక్కువగా ఉన్నవి బల్క్ డ్రగ్స్, అంటే మందుల ముడిసరుకు చేసే యూనిట్లు. పైగా మందుల లైసెన్స్ వేరు. సప్లిమెంట్ చట్టం లెక్కలో ఆహారం, 2006 నాటి ఆహార భద్రత చట్టం కిందకి వస్తుంది. దాన్ని తయారు చేసే ఫ్యాక్టరీ చిన్నదైనా పెద్దదైనా ఎఫ్ఎస్ఎస్ఏఐ (కేంద్ర ఆహార భద్రత సంస్థ) సెంట్రల్ లైసెన్స్ ఉండాల్సిందే. హైదరాబాద్ అయినా, హిమాచల్‌లోని బద్ది అయినా ఇదే రూలు. జీఎంపీ సర్టిఫికెట్ (తయారీ పద్ధతులు మంచివని ఇచ్చేది) చూపిస్తే మంచిదే, కానీ ఆ లైసెన్స్‌కు అది బదులు కాదు.

వాళ్ల 14 అంకెల లైసెన్స్ నంబర్ అడగండి. 2తో మొదలైతే అది ఉత్త రిజిస్ట్రేషన్, 100తో మొదలైతే సెంట్రల్ లైసెన్స్. ఆ నంబర్‌ని ఎఫ్ఎస్ఎస్ఏఐ లైసెన్సుల వెబ్‌సైట్ అయిన ఫాస్కాస్ పోర్టల్‌లో కొట్టి చూస్తే లైసెన్స్ నడుస్తోందో లేదో, ఏ అడ్రస్‌కు ఇచ్చారో, ఏ ఉత్పత్తులకు ఇచ్చారో కనిపిస్తుంది. ఇక్కడ తొందరపడొద్దు. మీరు చేయించాలనుకున్నది క్యాప్సూల్ అయితే, ఆ రకం సప్లిమెంట్ ఆ జాబితాలో ఉండాలి. నాకు తెలిసిన ఒకతను ఒక కంపెనీకి అడ్వాన్స్ కట్టాక జాబితా చూస్తే అందులో పౌడర్లే ఉన్నాయి. లైసెన్స్‌లో మార్పు చేయించుకుని వచ్చేదాకా నెలల తరబడి టెన్షన్ పడ్డాడు పాపం.

తర్వాత ఫార్ములా. 2022 నాటి న్యూట్రాస్యూటికల్ (సప్లిమెంట్ల) నిబంధనల్లో షెడ్యూళ్లు, అంటే వాడదగిన పదార్థాల జాబితాలు ఉంటాయి, మూలికలకైతే మొక్క పేరు, వాడదగిన భాగం, రోజుకు ఎంత మోతాదు అనేవి అందులోనే చూసుకోవాలి. ఫ్యాక్టరీవాళ్లు ఫార్ములాని ఆ షెడ్యూల్‌తో సరిపోల్చి రాతపూర్వకంగా ఇస్తారా అని అడగండి, తప్పించుకుంటే వదిలేయండి. క్యాప్సూల్ తొడుగు దేనితో చేస్తారో కూడా అడగాలి. జెలటిన్ అయితే జంతువుల నుంచి వచ్చింది కాబట్టి డబ్బా మీద మాంసాహార గుర్తు వేయాలి, ఆకుపచ్చ గుర్తు కావాలంటే మొక్కల నుంచి చేసే హెచ్‌పీఎంసీ తొడుగు తీసుకోవాలి. మునగాకు పొడి కదా, శాకాహారమే అనుకుంటే కుదరదు.

ఒప్పందంలో ప్రతి బ్యాచ్‌కూ పరీక్ష రిపోర్టు, గడువు తేదీకి ఆధారంగా స్టెబిలిటీ డేటా (సరుకు ఎన్నాళ్లు పాడవకుండా ఉంటుందో చూసిన పరీక్షల వివరాలు), సరుకు ఫెయిలైతే ఖర్చు ఎవరిది అన్నవి రాయించుకోండి. బ్రాండ్ పేరుకు ట్రేడ్‌మార్క్ దరఖాస్తు క్లాస్ 5లో (సప్లిమెంట్లు వచ్చే విభాగం) మీ పేరు మీదే వేయండి, ఫ్యాక్టరీ పేరు మీద వద్దు.

ఇప్పుడు దరఖాస్తు. ఫాస్కాస్‌లో లాగిన్ చేసుకుని వ్యాపార రకం ఎంచుకోండి. సరుకు తెచ్చుకుని మీ లేబుల్ మీరే అతికిస్తే రీలేబెలర్ కిందకి వస్తారు. గుర్తింపు కార్డు, గోడౌన్ అద్దె ఒప్పందం లేదా కరెంటు బిల్లు, సంస్థ అయితే దాని పత్రాలు పెట్టాలి. రీలేబెలర్‌కు ఫ్యాక్టరీ లైసెన్స్ కాపీ, వాళ్లిచ్చే ఎన్‌ఓసీ (అభ్యంతరం లేదనే పత్రం) తప్పనిసరి, మొదట చెప్పిన కాగితాలు ఇవే. ఫీజు ఆన్‌లైన్‌లోనే, మధ్యవర్తి అక్కర్లేదు. అధికారి సందేహం అడిగితే 30 రోజుల్లోపు జవాబు పెట్టాలి, లేకపోతే దరఖాస్తు తిరస్కరిస్తారు, అందుకని పోర్టల్‌ని రెండు మూడు రోజులకోసారి చూస్తుండండి.

లేబుల్ మీద మీ లైసెన్స్ నంబర్‌తో పాటు ఫ్యాక్టరీది కూడా వేయాలి, 'నాట్ ఫర్ మెడిసినల్ యూజ్' (మందుగా వాడటానికి కాదు) అని స్పష్టంగా కనబడాలి. షుగర్ తగ్గిస్తుంది, మోకాళ్ల నొప్పులు పోతాయి అని రాయకండి, వాట్సాప్ స్టేటస్‌లో కూడా వద్దు. పాపం నమ్మి మందులు మానేసేవాళ్లుంటారు, పైగా జబ్బులు నయం చేస్తామనే ప్రకటనల మీద ఉన్న 1954 నాటి మ్యాజిక్ రెమెడీస్ చట్టం కింద కేసు అవుతుంది.

రీలేబెలర్లు ఆరు నెలలకోసారి గుర్తింపు పొందిన ల్యాబ్‌లో పరీక్ష చేయించి ఆ రిపోర్టు ఫాస్కాస్‌లో ఎక్కించాలి, ఎఫ్ఎస్ఎస్ఏఐకి ఏడాది రిటర్ను (సరుకు లెక్కలు) మే 31 లోపు దాఖలు చేయాలి. ఆలస్యమైతే రోజుకు 100 రూపాయల జరిమానా.